కారవాన్ ఏసీని టన్నులతో కొలవకండి: పర్యాటక శాఖకు, యజమానులకు, బాడీ మేస్త్రీలకు బహిరంగ లేఖ

ఆంధ్రప్రదేశ్ పర్యాటక శాఖ అధికారులకు, గోదావరి జిల్లాల్లో కారవాన్లు తిప్పుతున్న యజమానులకు, వాటికి బాడీలు కట్టే షెడ్ల మేస్త్రీలకు నమస్కారం.

నేను పాలకొల్లు వైపు ఏసీ మెకానిక్‌ని. ఐసు ఫ్యాక్టరీలో పని నేర్చుకుని, ఇప్పుడు బస్సుల ఏసీలు, కారవాన్ల ఏసీలు చూస్తున్నాను. మొన్నటిదాకా మన వైపు కారవాన్ అంటే షూటింగ్ దగ్గర హీరో కూర్చునే బండి. ఇప్పుడు అలా లేదు. పెళ్లిళ్లకు అడుగుతున్నారు, అంతర్వేది తీర్థానికి అడుగుతున్నారు, డిండి దగ్గర రెండు రోజులు ఆపుకుని ఉంటామని కుటుంబాలు అడుగుతున్నాయి. 2027లో గోదావరి పుష్కరాలున్నాయి. రాజమండ్రిలో గది దొరకని పెద్దవాళ్లు, చంటిపిల్లల తల్లులు ఈ బండ్లలో పడుకుంటారు. 2015లో పుష్కరాలు జూలైలో వచ్చాయి. ఎండ కాస్త దిగి ఉక్క మొదలయ్యే ఆ రోజులు ఎలా ఉంటాయో ఇక్కడ పుట్టినవాళ్లకు నేను చెప్పక్కర్లేదు. అందుకే ఇప్పుడు రాస్తున్నాను.

బండి కట్టించే ప్రతి ఒక్కరూ నన్ను అడిగే మొదటి ప్రశ్న, “ఎన్ని టన్నులు వేద్దామండి?” చాలాసార్లు చివరి ప్రశ్న కూడా అదే. టెండరు కాగితంలోనూ అదే అంకె, అద్దె ప్రకటనలోనూ అదే అంకె. ఆ ఒక్క అంకెను నమ్ముకుని మన ప్రాంతంలో బండ్లు కట్టొద్దని నా మనవి.

టన్ను అంటే ఏమిటో భీమవరం ఐసు ఫ్యాక్టరీ వాళ్లకు బాగా తెలుసు. సున్నా డిగ్రీల దగ్గరున్న 907 కిలోల ఐసు 24 గంటల్లో పూర్తిగా కరగడానికి ఎంత వేడిని లాక్కుంటుందో, అంత వేడిని రోజంతా లాగే యంత్రం ఒక టన్ను యంత్రం. గంటకు 12,000 బీటీయూలు (వేడిని కొలిచే ఒక లెక్క). మన లెక్కలో మూడున్నర కిలోవాట్లు. అమెరికాలో ఇళ్ల లాంటి బండ్ల పైకప్పు మీద ఎక్కువగా పెట్టేవి 13,500, 15,000 బీటీయూల యంత్రాలు. అంటే టన్నుకు కాస్త పైన, టన్నుంబావు. ఇది యంత్రం లోపలి నుంచి తీసి బయట పారేసే వేడి. అది తినే కరెంటు వేరు, దాని సంగతి తర్వాత చెబుతాను.

రొయ్యల పట్టుబడి రోజున ఎంత ఐసు తెప్పించాలో లెక్క వేసే రైతు రొయ్యల బరువు ఒక్కటే చూడడు. లారీ ఎంత దూరం పోవాలి, బాక్సు గోడ మందమెంత, ఎండ ఎలా ఉంది, అన్నీ చూస్తాడు. మనుషుల్ని పడుకోబెట్టే బండికి మాత్రం మనం ఆ పాటి లెక్క కూడా వేయడం లేదు.

యంత్రం మీద రాసిన అంకె అబద్ధమని నేను అనను. అయితే దాన్ని కొలిచింది ఒక పరీక్ష గదిలో. ఏసీల సామర్థ్యం కొలవడానికి ఐఎస్ఓ 5151 అనే ప్రమాణం ఉంది. అందులో టీ1 అనే మామూలు షరతుల ప్రకారం బయట 35 డిగ్రీలు ఉంటుంది. లోపలి గాలి 27 డిగ్రీలు, బల్బుకు తడిగుడ్డ చుట్టిన థర్మామీటరులో 19 డిగ్రీలు. ఈ రెండు అంకెలను కలిపి చూస్తే లోపలి గాలిలో తేమ 47 శాతం దగ్గర తేలుతుంది. మండే దేశాల కోసం టీ3 అని ఇంకో వరస ఉంది, దాంట్లో బయట 46 డిగ్రీలు పెడతారు. ఎండ పెంచారు గానీ, అక్కడా లోపలి గాలి పొడిగానే ఉంటుంది. ధవళేశ్వరం ఆనకట్ట దిగువన కాలువలు, వరిచేలు, చేపల చెరువులు, ఆ పైన సముద్రం. జూలైలో మన బండి తలుపు తీస్తే లోపలికి వచ్చే గాలికీ ఆ పరీక్ష గదిలోని గాలికీ పోలికే లేదు.

ఎంత తేడానో అంకెల్లోనే చెబుతాను. బయట 33 డిగ్రీలు, తేమ 75 శాతం అనుకోండి. మనకు మామూలు రోజే. ఆ గాలి కిలోకు 24 గ్రాముల నీటి ఆవిరి మోస్తుంది. మనిషికి హాయిగా ఉండే 25 డిగ్రీల, 55 శాతం తేమ గాలిలో ఉండేది 11 గ్రాములు. మిగతా 13 గ్రాములను ఏసీ పిండి బయట పోయాలి. ఆరు మీటర్ల కారవాన్‌లో దాదాపు 28 ఘనపు మీటర్ల గాలి పడుతుంది. సామాన్లు ఎక్కించి, అమ్మమ్మను చెయ్యి పట్టి ఎక్కించేలోపు ఆ గాలంతా ఒకసారి మారిపోయిందనుకుందాం. కొత్త గాలిని 33 నుంచి 25 డిగ్రీలకు దించడానికి తీయాల్సిన వేడి సుమారు 250 కిలోజౌల్స్. అందులో అదనంగా ఉన్న ఆవిరి సుమారు 400 గ్రాములు. దాన్ని నీళ్లు చేయడానికి తీయాల్సింది దాదాపు 1,000 కిలోజౌల్స్. చల్లబరచడానికి పట్టే పనికి నాలుగింతలు ఆరబెట్టడానికే పడుతోంది. టన్ను యంత్రం తన బలమంతా పెట్టినా ఆ నీటికే ఐదు నిమిషాలకు దగ్గర పడుతుంది, అదీ తలుపు ఒక్కసారి తీసినందుకు. వాన పడుతుంటే పిల్లలు గంటకెన్నిసార్లు ఎక్కి దిగుతారో తల్లులను అడగండి.

ఇక్కడ ఒక సంగతి చాలామంది మెకానిక్‌లు కూడా పొరబడతారు. తేమ ఎక్కువైతే ఏసీ చేసే మొత్తం పని తగ్గదు, నిజానికి కాస్త పెరుగుతుంది. కానీ ఆ పనిలో ఎక్కువ వాటా నీళ్లు తీయడానికే పోతుంది, గాలిని చల్లబరిచే వాటా తగ్గుతుంది. అందుకే నోజిల్ దగ్గర థర్మామీటరు పెట్టి, లోపలికి పోయే గాలికీ బయటికి వచ్చే గాలికీ పది పన్నెండు డిగ్రీల తేడా లేదు కాబట్టి గ్యాస్ తక్కువైందని తేల్చేస్తారు. గ్యాస్ కొడతారు. బాగున్న యంత్రంలో గ్యాస్ ఎక్కువై కంప్రెసర్ మీద భారం పడుతుంది. అయ్యా, గేజీలు తగిలించే ముందు డ్రెయిన్ పైపు కింద లీటరు సీసా పెట్టి గంటసేపు చూడండి. లీటరు నీళ్లు వచ్చాయంటే యంత్రం ఆ గంటంతా 680 వాట్ల వేడిని, అంటే టన్నులో ఐదో వంతును, నీళ్లు తీయడానికే వాడిందని అర్థం. అది పని చేస్తున్న యంత్రం.

ఒక వర్షాకాలం సాయంత్రం డిండి దగ్గర ఆగి ఉన్న బండి చూడమని పిలిస్తే వెళ్లాను. హైదరాబాద్ నుంచి పెళ్లికి వచ్చిన కుటుంబం. కూలింగ్ చాలలేదని అంతకుముందే ఎవరో చెబితే యజమాని ఒక టన్ను తీసేసి రెండు టన్నులు పెట్టించాడు. లోపల 23 డిగ్రీలు చూపిస్తోంది. నా తేమ మీటరు 80 దాటింది. దుప్పట్లు చెమ్మగా ఉన్నాయి, అల్మరా మూలల్లో బూజు పట్టింది. మంచం మీద కూర్చున్న పెద్దావిడ, “చల్లగానే ఉంది నాయనా, ఒళ్లే ఆరట్లేదు” అంది. యజమాని పాపం, ఇంకో అరటన్ను కలుపుదామా అని నన్ను అడుగుతున్నాడు.

ఆ బండిలో జరిగింది ఇది. బయట 28 డిగ్రీలే, వాన కురుస్తోంది, తీయాల్సిన వేడి పెద్దగా లేదు. రెండు టన్నుల యంత్రం కొద్ది నిమిషాల్లోనే గాలిని చల్లబరిచి ఆగిపోతుంది. గాలిని చల్లబరిచే గొట్టాల చుట్ట, అదే కాయిల్, తడిసి, నీళ్లు బొట్లు కట్టి, ట్రేలోకి దిగి, డ్రెయిన్‌లోకి పోవడానికే ఆ పాటి సమయం పడుతుంది. ఇంతలో కంప్రెసర్ ఆగింది. బ్లోయర్ మాత్రం తిరుగుతూనే ఉంది, కాయిల్ మీద ఉన్న తడినంతా మళ్లీ గదిలోకే ఊదింది. రాత్రంతా ఇదే వరస. చల్లటి చెమ్మ. మామూలు ఉక్కకంటే ఇది పెద్దవాళ్లకు ఎక్కువ ఇబ్బంది. ఉక్కపోస్తే విసనకర్ర అందుకుంటారు. ఈ చెమ్మలో దుప్పటి కప్పుకుంటే జిడ్డు, తీస్తే చలి. మన ప్రాంతంలో అవసరాన్ని మించిన ఏసీ కూడా, సరిపోని ఏసీ అంత చేటు చేస్తుంది. చిన్న యంత్రం ఆగకుండా నడిస్తేనే గాలి ఆరుతుంది. వేగం తగ్గించుకుని నెమ్మదిగా నడవగలిగే ఇన్వర్టర్ కంప్రెసర్ ఇక్కడ పెట్టిన డబ్బుకు నిజంగా న్యాయం చేస్తుంది. అది లేనివాళ్లు కనీసం బ్లోయర్‌ను ‘ఆటో’లో పెట్టండి, కంప్రెసర్‌తో పాటు అదీ ఆగుతుంది. నేను ఆ రాత్రి చేసింది అంతే. తెల్లారేసరికి మీటరు 60 దగ్గరికి దిగింది.

మరి మే నెల మధ్యాహ్నం మాటేమిటి, రోహిణి కార్తెలో రోళ్లు పగిలే ఎండలో చిన్న ఏసీ చాలుతుందా అని అడుగుతారు. న్యాయమైన ప్రశ్న. దానికి జవాబు మేస్త్రీల చేతిలో ఉంది.

ఆ ఆరు మీటర్ల బండినే తీసుకోండి. పైకప్పు పదమూడు చదరపు మీటర్లు. ముదురు రంగు వేసి, రేకుకూ లోపలి ప్లైవుడ్‌కూ మధ్య ఖాళీ వదిలేస్తే, ఎండలో ఆ రేకు 65 డిగ్రీలకు చేరుతుంది. లోపల 25 కావాలంటే ఒక్క పైకప్పు నుంచే దాదాపు రెండు కిలోవాట్ల వేడి దిగుతుంది. మధ్యలో అంగుళం మందం పఫ్ (వేడిని ఆపే గట్టి నురుగు) నింపితే అది ఆరు వందల వాట్ల లోపుకు వస్తుంది. పైన తెల్ల రంగు వేస్తే మూడు నాలుగు వందలు. డబ్బా తెల్ల రంగు, అంగుళం పఫ్ కలిసి అరటన్ను ఏసీ పని చేస్తున్నాయి, కరెంటు లేకుండా, చప్పుడు లేకుండా, ఆ బండి ఉన్నన్నాళ్లూ. పడమటి ఎండ నేరుగా పడే అద్దం చదరపు మీటరుకు ఐదు వందల వాట్ల దాకా లోపలికి పంపుతుంది. లోపల ఎంత మంచి కర్టెన్ వేసినా చాలావరకు వేడి అప్పటికే లోపలికి వచ్చేసింది, ఆపాల్సింది అద్దానికి బయట. మన ఇళ్లకు వసారాలు ఎందుకు దింపారో అందుకే ఈ బండ్లకు పక్కన మడత పందిరి కావాలి.

గోడలు, నేల, సందుల్లోంచి దూరే గాలి, నలుగురు మనుషులు, ఫ్రిజ్, లైట్లు అన్నీ కలిపి నేను కాగితం మీద లెక్క వేశాను. ఊరికే కూర్చున్న మనిషి ఒక్కరు వంద వాట్ల పైన వేడి వదులుతారు, అందులో మూడో వంతుకు పైగా చెమట, శ్వాసల తేమే. పఫ్ లేకుండా, నల్లగా, తలుపు రబ్బర్లు అరిగి ఉన్న బండికి ఏడు కిలోవాట్లు దాటింది, అంటే రెండు టన్నుల పైమాట. అదే కొలతల బండిని తెల్ల రంగుతో, పఫ్‌తో, బయట నీడతో, గట్టి రబ్బర్లతో కడితే మూడు కిలోవాట్ల లోపు, టన్నుకు తక్కువే. బండిని బట్టి అంకెలు అటూ ఇటూ అవుతాయి, రెండింటి మధ్య దూరం మాత్రం ఇలాగే ఉంటుంది. కాబట్టి ‘ఎన్ని టన్నులు’ అని ఏసీ మెకానిక్‌ని అడగకముందే బాడీ షెడ్డులో ఆ జవాబు తేలిపోయి ఉంటుంది.

మేస్త్రీలకు ప్రత్యేకంగా రెండు మాటలు. ఫ్రేము కోసం వాడే ఇనుప చదరపు పైపులు బయటి రేకునూ లోపలి షీటునూ కలుపుతున్నాయి. వాటి మధ్య ఎంత పఫ్ నింపినా వేడి ఆ పైపుల మీదుగా నడిచి వస్తుంది, పలచటి రబ్బరు పట్టీ అయినా మధ్యలో వేయండి. ఇందాక చెప్పిన 33 డిగ్రీల గాలిలోని ఆవిరి 28 డిగ్రీల దగ్గరే నీటి బొట్లుగా మారుతుంది. అంటే అంతకంటే చల్లగా ఉన్న ఏ ఇనుము దగ్గరికి ఆ గాలి చేరినా నీళ్లు కారతాయి, సీలింగు లోపల కనపడకుండా తుప్పు పడుతుంది. రెండోది, పైకప్పు ఏసీ కింద సీలింగులో చల్లటి గాలి పోయే దారీ, గది గాలి తిరిగి వెళ్లే దారీ పక్కపక్కనే ఉంటాయి. మధ్య అడ్డుగోడలో వేలు దూరేంత సందున్నా చల్లగాలి గదిలోకి రాకుండానే తిరిగి యంత్రంలోకి పోతుంది. లోపల మంచు కట్టిన కాయిల్, బయట వేడెక్కిన గది. దీన్ని కూడా “కెపాసిటీ చాలలేదు” అనే అంటున్నారు. దీనికి కావాల్సింది చుట్ట అల్యూమినియం టేపు, ఓపిగ్గా అరగంట.

బండి పైన యంత్రం ఊపిరి తీసుకోవాలి. వేడెక్కిన రేకు మీది గాలి ఊళ్లో గాలికంటే కొన్ని డిగ్రీలు ఎక్కువగా ఉంటుంది. బయటి వేడి ఒక్కో డిగ్రీ పెరిగితే యంత్రం సామర్థ్యం సుమారు నూటికి ఒకటి చొప్పున పడిపోతుంది, కరెంటు మాత్రం ఇంకా ఎక్కువ లాగుతుంది. దాని చుట్టూ సామాన్ల క్యారియర్, సోలార్ పలకలు కమ్మేయకండి. ఓడలరేవు, అంతర్వేది, పేరుపాలెం వైపు తిరిగే బండ్లకు ఉప్పుగాలి అల్యూమినియం రెక్కలను తినేస్తుంది. తీరం నుంచి తిరిగొచ్చిన ప్రతిసారీ మంచినీళ్లతో కడిగించండి.

ఇక కరెంటు. టన్ను పైచిలుకు పైకప్పు యంత్రం నడుస్తుంటే పన్నెండు వందల నుంచి పదహారు వందల వాట్లు తింటుంది, మొదలయ్యే క్షణంలో మామూలు కంప్రెసర్ అంతకు ఎన్నో రెట్లు లాగుతుంది. పన్నెండు వోల్టుల, వంద ఆంపియర్ అవర్ బ్యాటరీలో మొత్తం ఉండేది 1.2 యూనిట్లు, గంట తిరక్కుండానే ఖాళీ. డ్రైవర్ క్యాబిన్ ఏసీ ఇంజిన్ మీద నడిచేది, ఆగిన బండికి పనికిరాదు. దాంతో అందరూ జనరేటర్ మీద పడుతున్నారు. ఇక్కడే నాకు నిజంగా భయం. 2024 డిసెంబరులో కేరళలోని వడకరలో రోడ్డు పక్కన ఆపిన కారవాన్‌లో ఇద్దరు చనిపోయారు. జనరేటర్ నుంచి వచ్చిన కార్బన్ మోనాక్సైడ్ లోపలికి చేరడమే కారణమని తేలింది. ఆ వాయువుకు రంగు లేదు, వాసన లేదు, నిద్రలోనే మనిషి పోతాడు. ఏడు కిలోవాట్ల వేడి లాగే బండికి పెద్ద జనరేటర్ రాత్రంతా తిరగాలి. మూడు కిలోవాట్ల బండి ఒక మంచి ప్లగ్గు దొరికితే తెల్లారే దాకా హాయిగా గడుపుతుంది. బాడీ బాగా కట్టడం గురించి నేనింత గట్టిగా చెప్పడానికి ఇదీ కారణం. ఏ బండైనా సరే, మంచాల దగ్గర కార్బన్ మోనాక్సైడ్ అలారం లేకుండా మనుషుల్ని పడుకోబెట్టకండి. జనరేటర్ గదికీ పడకల గదికీ మధ్య నేలలో వైర్ల కోసం చేసిన ప్రతి కన్నాన్నీ మూయించండి.

పర్యాటక శాఖ వారికి నా విన్నపం. బండ్లకు అనుమతి ఇచ్చేటప్పుడు, అద్దెకు తీసుకునేటప్పుడు టన్నుల గడి ఒక్కటే చూడకుండా ఒక పరీక్ష పెట్టండి. జూలై, ఆగస్టుల్లో ఉక్కగా ఉన్న మధ్యాహ్నం బండిని ఎండలో ఆపి, ఎన్ని పడకలుంటే అంతమందిని లోపల కూర్చోబెట్టి రెండు గంటలు చూడండి. 25 డిగ్రీలు, తేమ 60 లోపు వచ్చిందా, ఎంత కరెంటు తిన్నది, అదే రాయండి. రాత్రి వానలో మళ్లీ ఒకసారి చూడండి, ఎక్కువ బండ్లు అక్కడే తప్పుతాయి. ఆ అంకెలు తలుపు పక్కన అతికిస్తే అద్దెకు తీసుకునేవాళ్లు చదువుకుంటారు, యజమానులు కూడా టన్నుల పోటీ మానేసి గోడల మీద డబ్బు పెడతారు. ఘాట్ల దగ్గర, రిసార్టుల దగ్గర, గుళ్ల పార్కింగుల్లో ఎర్తింగ్ సరిగా ఉన్న 16 ఆంపియర్ల ప్లగ్గులు, షాక్ కొడితే ట్రిప్పయ్యే స్విచ్‌తో సహా పెట్టించండి. వోల్టేజీ నిలకడగా ఉండేలా చూడండి, 180కి పడిపోతే కంప్రెసర్లు కాలిపోవచ్చు.

యజమానులకు ఒక మాట. కట్టించబోయే బండికి ఏసీ కొనే ముందు ఆ డబ్బులో కొంత పఫ్‌కూ రబ్బర్లకూ తీయండి. ఇప్పటికే తిరుగుతున్న బండి అయితే పైకప్పుకు తెల్ల రంగు వేయించి, సీలింగు సందులు మూయించి, తేమ మీటరు ఒకటి లోపల తగిలించండి. అవి కొన్ని వందలకే దొరుకుతాయి. ఆ తర్వాత కూడా 25 దాకా రాకపోతే అప్పుడు పెద్ద ఏసీ మాట మాట్లాడుకుందాం.

పుష్కరాల లోపు వచ్చే ఉక్క రోజుల్లోనే ఈ పరీక్ష మొదలుపెట్టండి. రాజమండ్రిలోనైనా, డిండిలోనైనా, బండి ఎక్కడ ఆపమంటే అక్కడికి నా మీటర్లు పట్టుకుని వస్తాను, కూలి అక్కర్లేదు.

ఇట్లు,
పాలకొల్లు వైపు ఏసీ మెకానిక్